పాఠకులు వ్రాసికొన్న చరిత్ర: వైజ్ఞానిక కల్పనా సాహిత్యమున అభిమాని వర్గము

సాహిత్య చరిత్రకారులు కవిని గుఱించి విస్తరింతురు; కావ్యమును గుఱించి విస్తరింతురు; కృతిభర్తను గుఱించి సైతము నాలుగు మాటలు చెప్పుదురు. పాఠకుని ప్రసక్తి వచ్చుసరికి వారి లేఖిని ఆగిపోవును. ఇందుకు కారణము లేకపోలేదు. కవి కావ్యమును విడిచిపోయినాడు. రాజు శాసనమును విడిచిపోయినాడు. చదివి ఆనందించినవాడు సాధారణముగా ఏ జాడయు విడువడు. అలంకార శాస్త్రము మాత్రము అతనిని విస్మరింపలేదు. రాజశేఖరుడు కావ్యమీమాంసలో ప్రతిభను కారయిత్రి యనియు, భావయిత్రి యనియు రెండుగా విభజించి, మొదటిది కవికిని, రెండవది భావకునకును ఉపకరించునని చెప్పెను. ఈ రెండును ఒక్కనియందే యుండునా, వేర్వేఱుగా నుండునా యను వివాదము అతని నాటికే కలదు. ఇరువదవ శతాబ్దిలో, అమెరికాలో, పండితులెవ్వరును సాహిత్యమని గణింపని యొక శాఖలో, ఈ ప్రశ్నకు విచిత్రమైన సమాధానము లభించినది. అచ్చట భావకులే రచయితలైరి, సంపాదకులైరి, విమర్శకులైరి. అంతటితో ఆగక తమ చరిత్రను తామే వ్రాసికొనిరి. ఆ చరిత్రలను పరిశోధకుడు ఎంతవఱకు విశ్వసింపవచ్చును అనునది ఇచ్చట విచారింపదలచిన విషయము.

వైజ్ఞానిక కల్పన యని మనము వ్యవహరించు సైన్సు ఫిక్షనుకు మూలపురుషులుగా మేరీ షెల్లీని, జూల్ వెర్నును, హెచ్. జి. వెల్సును పేర్కొనుట పరిపాటి. వీరికి పాఠకులు లక్షలమంది కలరు. కాని ఆ పాఠకులు ఒకరినొకరు ఎఱుగరు. వారిని ఒకరికొకరిని ఎఱుకపఱచినది ఒక చవుక కాగితపు పత్రిక. లక్సెంబర్గులో 1884లో జన్మించి అమెరికాకు వలసపోయిన హ్యూగో గెర్న్స్‌బాక్ 1926 ఏప్రిలులో ‘అమేజింగ్ స్టోరీస్’ అను మాసపత్రికను స్థాపించెను. కేవలము ఈ జాతి కథల కొఱకే ఉద్దేశింపబడిన మొదటి ఆంగ్ల పత్రిక అదియే. గెర్న్స్‌బాక్ గొప్ప రచయిత కాడు. అతని ‘రాల్ఫ్ 124సి 41+’ అను నవలను నేడు తుదివఱకు చదువుట పాఠకుని ఓర్పునకు పరీక్ష. రచయితలకు పారితోషికము చెల్లించు విషయములోను అతనికి మంచి పేరు లేదు. అయినను 1927లో అతని పత్రిక పాఠకుల లేఖలకు ఒక శీర్షికను ప్రారంభించి, లేఖకుని పేరుతోపాటు పూర్తి చిరునామాను గూడ అచ్చువేయసాగెను. ఈ శాఖ యొక్క తరువాతి చరిత్ర యంతయు ఈ చిన్న ముద్రణ నిర్ణయమునుండి పుట్టినదనుట అతిశయోక్తి కాదు. లేఖను చదివిన మఱియొక పాఠకుడు సంపాదకునకు గాక ఆ చిరునామాకే ఉత్తరము వ్రాసెను. ఉత్తరములు స్నేహములైనవి, ఒకే నగరమున నున్నవారు కలిసికొనిరి, సంఘములు వెలసినవి.

న్యూయార్కులో 1929 డిసెంబరులో ఏర్పడిన ‘సైన్సియర్స్’ అను సంఘము వీనిలో మొదటివానిలో నొకటి. దాని తొలి అధ్యక్షుడు వారెన్ ఫిట్జెరాల్డ్ హార్లెములో నివసించు నీగ్రో జాతీయుడు. సమావేశములు అతని ఇంటనే జరిగెడివి. తరువాతి దశాబ్దములలో దాదాపు శ్వేతజాతి యువకులకే పరిమితమైనట్లు కన్పట్టు నీ వర్గమునకు ప్రారంభము ఇట్టిది. ఈ విషయమును ఒక వాక్యముతో దాటిపోరాదు. చికాగోలోని మఱియొక లేఖక సంఘము 1930 మే నెలలో ‘ది కామెట్’ అను పత్రికను వెలువరించెను. అభిమానుల పత్రికలలో ఇది ప్రథమమని చరిత్రకారులందఱును అంగీకరించుచున్నారు. దాని సంపాదకులలో నొకడైన రేమండ్ పామర్, 1938లో ‘అమేజింగ్ స్టోరీస్’కే సంపాదకుడయ్యెను. మఱుసటి సంవత్సరము మార్చి సంచికలో అతడు ప్రకటించిన యొక కథ ఐజాక్ అసిమోవునకు అచ్చులో వచ్చిన మొదటి కథ. ఇచ్చట ఒక పాఠకుడు మఱియొక పాఠకుని రచయితగా లోకమునకు పరిచయము చేసినాడు.

ఇట్టి యుదాహరణములు పెక్కు కలవు. ‘ది ఫాంటసీ ఫాన్’ అను తన స్వంత పత్రికను చూపి చార్లెస్ హార్నిగ్ పదునేడేండ్ల ప్రాయముననే గెర్న్స్‌బాక్ యొద్ద సంపాదకోద్యోగమును సంపాదించెను. క్లీవ్‌లండులో జెర్రీ సీగెల్ అను విద్యార్థి తాను సైక్లోస్టైలు తీసి పంచిన చిన్న పత్రికలో, 1933 జనవరిలో, ‘సూపర్‌మాన్’ అను పేరు గల పాత్రతో ఒక కథ వ్రాసెను. బొమ్మలు వేసినవాడు అతని మిత్రుడు జో షుస్టర్. అందలి సూపర్‌మాన్ దుష్టుడు. ఐదేండ్ల తరువాత అదే పేరు వేఱొక స్వభావముతో ప్రపంచమంతట వ్యాపించినది. ఆ వీరుని కథలను తరువాత చిరకాలము నడపిన సంపాదకులు మార్ట్ వైసింగర్, జూలియస్ ష్వార్ట్జ్ గూడ 1932 నాటి ‘ది టైమ్ ట్రావెలర్’ అను అభిమాని పత్రికనుండి వచ్చినవారే.

ఈ పత్రికల స్వరూపమును గుఱించి కొంత చెప్పవలెను. మన కళాశాలలలో విద్యార్థులు నడపిన వ్రాతపత్రికల నెఱిగినవారికి ఇది సులభముగా బోధపడును. ధనమున్నవాడు సైక్లోస్టైలు యంత్రమును వాడెను; లేనివాడు హెక్టోగ్రాఫును ఆశ్రయించెను. ఊదారంగు సిరాతో వ్రాసిన మూలప్రతిని పళ్లెములోని జెలటిను ముద్దపై నొత్తి, ఆ ముద్దపై కాగితముల నొక్కటొక్కటిగా పఱచి తీసినచో కొన్ని పదుల ప్రతులు వచ్చును. అటుపిమ్మట అక్షరములు కనబడవు. చందా యనునది పేరునకే. ఎక్కువగా పత్రికకు బదులు పత్రిక. డొనాల్డ్ వోల్‌హైమ్ 1937లో ఇట్టి పత్రికాకర్తల నందఱను ఒక సంఘముగా చేర్చి, ఎల్లరి సంచికలను ఒక కట్టగా కట్టి సభ్యులకు పంపు పద్ధతిని నెలకొల్పెను. వీనికి ‘ఫాన్‌జీన్’ అను పేరు పెట్టినవాడు లూయీ రస్సెల్ షోవెనే, 1940లో. ఇందలి రచనలలో అధిక భాగము పనికిమాలినదే యని నిస్సంకోచముగా చెప్పవచ్చును. అంతర్గత కలహములు, పరస్పర స్తుతులు, ఇతరులకు అర్థము కాని హాస్యము పుటలకు పుటలు నిండియుండును.

రాజశేఖరుడు భావకులను నాలుగు తెగలుగా చెప్పినాడు. ఏదియు రుచింపని అరోచకి. అన్నముతోపాటు గడ్డిని గూడ తిను సతృణాభ్యవహారి. మాత్సర్యముచే గుణమును చూడలేని మత్సరి. తత్త్వమునందు అభినివేశము గలవాడు. ఈ చివరివాడు వేయిమందిలో ఒకడట. అభిమాని పత్రికలను తిరుగవేసినవారికి ఈ నలువురును సాక్షాత్కరింతురు. రెండవ తెగవాని సంఖ్యయే యధికము. అయినను వేయింటిలో నొకడు ఇచ్చట గూడ నుండెను. డామన్ నైట్ 1945లో ఒక అభిమాని పత్రికలో, ఆనాటి ప్రసిద్ధ రచయిత ఏ. ఇ. వాన్ వోగ్ట్ యొక్క ‘ది వరల్డ్ ఆఫ్ నల్-ఏ’ అను నవలను తీసికొని, కథాసంవిధానములోని అసంబద్ధతలను, భాషలోని పొరపాటులను వరుసగా చూపించెను. విమర్శకు వయస్సు ఇరువది రెండు, ఇరువది మూడేండ్లు. పత్రికకు పాఠకులు బహుకొద్దిమంది. అయినను వాన్ వోగ్ట్ 1970లో ఆ నవలను సంస్కరించి ప్రకటించుచు, పీఠికలో నైట్ విమర్శను ప్రస్తావింపక తప్పినది కాదు. నైట్ వ్యాసములు 1956లో ‘ఇన్ సెర్చ్ ఆఫ్ వండర్’ అను గ్రంథముగా వెలువడినవి. జేమ్స్ బ్లిష్ విలియం ఆథెలింగ్ అను మాఱుపేరుతో ఇట్టి పత్రికలలోనే వ్రాసిన విమర్శలు 1964లో గ్రంథరూపము దాల్చినవి. ఈ సాహిత్యమునకు వ్యాకరణ దృష్టి గల విమర్శ విశ్వవిద్యాలయములనుండి రాలేదు. ఈ ఊదారంగు కాగితములనుండి వచ్చినది. ఆధునిక భాషా సంఘము యొక్క వార్షిక సభలలో దీనికొక గోష్ఠి ఏర్పడినది 1958లో. థామస్ క్లారెసన్ ‘ఎక్స్‌ట్రాపొలేషన్’ అను పరిశోధన పత్రికను ప్రారంభించినది 1959లో. అప్పటికి అభిమాని పత్రికల వయస్సు దాదాపు ముప్పది యేండ్లు.

ఇంగ్లండులోని చరిత్ర వేఱు దారిని నడచినది. లీడ్సు నగరములోని దివ్యజ్ఞాన సమాజ మందిరములో 1937 జనవరి 3వ తేదీన సుమారు ఇరువదిమంది సమావేశమైరి. అందు ఆర్థర్ క్లార్క్ ఒకడు. దానికి రెండు నెలలు పైగా ముందు, 1936 అక్టోబరులో, న్యూయార్కు అభిమానులు కొందఱు ఫిలడెల్ఫియాకు పోయి అచ్చటివారిని కలిసిరి. ప్రపంచమున మొదటి సమావేశము ఏది యను విషయమున నేటికిని ఇరుపక్షములవారు వాదులాడుచునే యున్నారు. ముందుగా ప్రకటించి, సభాస్థలమును కుదుర్చుకొని జరిపినది లీడ్సు సభయే గనుక ఆ గౌరవము దానిదే యని నా అభిప్రాయము. ఈ క్లార్కే 1945లో ‘వైర్‌లెస్ వరల్డ్’ అను పత్రికలో భూస్థిర కక్ష్యలోని ఉపగ్రహముల ద్వారా ప్రసారములు చేయవచ్చునని ప్రతిపాదించినాడు. అట్టి కక్ష్యలోని యొక ఉపగ్రహము ద్వారానే 1975-76లో భారతదేశమున ఆఱు రాష్ట్రములలోని రెండువేల నాలుగువందల గ్రామములకు దూరదర్శన ప్రసారములు చేరినవి. వానిలో ఆంధ్రప్రదేశ గ్రామములును కలవు. తెలుగు పల్లెకును లీడ్సు గదికిని గల ఈ దూరపు బంధుత్వమును జ్ఞాపకము చేయుటకే ఈ ప్రస్తావన.

ఇక చరిత్రల మాట. అభిమాని వర్గమును గుఱించిన మొదటి పెద్ద గ్రంథము సామ్ మాస్కొవిట్జ్ రచించిన ‘ది ఇమ్మోర్టల్ స్టార్మ్’. ఇది 1945 మొదలు ఒక అభిమాని పత్రికలో ధారావాహికముగా వచ్చి 1954లో గ్రంథమైనది. కథ 1939తో ముగియును. రెండవది హారీ వార్నర్ రచించిన ‘ఆల్ అవర్ యెస్టర్‌డేస్’, 1969; ఇందలి ప్రధాన విషయము 1940 దశాబ్దము. మూడవది డామన్ నైట్ రచించిన ‘ది ఫ్యూచూరియన్స్’, 1977. దీనికి తోడు ఫ్రెడరిక్ పోల్ 1978లోను, అసిమోవ్ 1979లోను ప్రకటించిన ఆత్మకథలు. ఈ రచయితలందఱును తాము వర్ణించు వర్గములోనివారే. అట్టి సాక్షుల మాటను పరీక్షించుటకు 1939 జులై 2వ తేదీని మించిన గీటురాయి లేదు.

ఆ దినమున న్యూయార్కులోని కారవాన్ హాలులో మొదటి ప్రపంచ వైజ్ఞానిక కల్పనా సభ ప్రారంభమైనది. నిర్వాహకులు ముగ్గురు: మాస్కొవిట్జ్, జేమ్స్ టొరాసి, విలియం సైకోరా. వచ్చినవారు సుమారు రెండువందలమంది. నగరములోని ప్రత్యర్థి సంఘమైన ఫ్యూచూరియనులు అంతకు ముందటి సెప్టెంబరులో ఏర్పడినవారు. వీరిలో కొందఱు వామపక్షాభిమానులు. వైజ్ఞానిక కల్పనను చదువువాడు శాస్త్రీయమైన సమాజ నిర్మాణమునకు పాటుపడవలెనని జాన్ మిచెల్ వ్రాసిన ప్రసంగమును 1937లోనే ఫిలడెల్ఫియాలో వోల్‌హైమ్ చదివి కలకలము రేపియుండెను. సభాద్వారమున వీరిలో ఆఱుగురిని నిర్వాహకులు లోనికి రానీయలేదు. వారు వోల్‌హైమ్, పోల్, మిచెల్, సిరిల్ కార్న్‌బ్లూత్, రాబర్ట్ లౌండెస్, జాక్ గిలెస్పీ. మాస్కొవిట్జునకు పందొమ్మిది యేండ్లు నిండి రెండు దినములైనది. కార్న్‌బ్లూతునకు ఆ దినముననే పదునాఱు నిండినవి. వయస్సులను చూచి నవ్వుకొనవచ్చును. కాని వెలుపల నిలిచిన ఆఱుగురిలో నలువురు తరువాత మూడేండ్లలో వృత్తి పత్రికల సంపాదకులో, ఎడతెగక కథలు ప్రకటించు రచయితలో అయిరి. పోల్ ఇరువదేండ్ల ప్రాయముననే రెండు పత్రికలను నడపెను. అతడును కార్న్‌బ్లూతును కలిసి వ్రాసిన ‘ది స్పేస్ మర్చంట్స్’ (1953) ప్రకటన వ్యాపారముపై వెలువడిన వ్యంగ్య నవలలలో అగ్రగణ్యము.

ఈ బహిష్కారమునకు కారణమేమి? మాస్కొవిట్జ్ సమాధానము సిద్ధముగా నున్నది. సభను నియంతృత్వమని నిందించు కరపత్రముల కట్టలు సభాస్థలమున దాచియుండగా దొరికినవి, మర్యాదగా ప్రవర్తింతుమని మాట ఇచ్చినచో రానిచ్చెదమంటిమి, వారు ఇయ్యలేదు. ఈ కథనమునందు గమనింపదగినది దాని వ్యాకరణము. మాస్కొవిట్జ్ తన్ను గుఱించి ప్రథమ పురుషలో వ్రాసికొనును. ద్వారమున నిలిచి అడ్డగించినవాడును, దానిని నిష్పక్షపాతముగా వర్ణించువాడును వేర్వేఱు వ్యక్తులని పాఠకునకు తోచును. గాల్ యుద్ధములను వర్ణించుచు సీజరు చేసిన పనియే ఇది. అతని సైన్యము మాత్రము ఇంతకన్న పెద్దది. డామన్ నైట్ గ్రంథము ఎదుటిపక్షపు వాదము. చదువుటకు హాయిగా నుండును. కాని నైట్ 1939లో అచ్చట లేడు. అతడు ఫ్యూచూరియనులతో చేరినది 1941లో. కాబట్టి అతని గ్రంథము మిత్రుల నోట విన్న కథలపై ఆధారపడినది. పోల్ తన ఆత్మకథలో మాత్రము, తమ సంఘమువారు ఇతరులకన్న తాము గొప్పవారమని బాహాటముగా ప్రకటించుకొని వైరము తెచ్చుకొనిరని ఒప్పుకొనెను. తన పక్షమునకు వ్యతిరేకముగా సాక్ష్యమిచ్చినవానిని ఎక్కువగా విశ్వసింపవలెనను న్యాయము ననుసరించి, ఈ ఒక్క వాక్యమునకు మాస్కొవిట్జ్ అధ్యాయమంతకన్న విలువ యెక్కువ.

అసలు విషయము అర్ధ శతాబ్ది తరువాత బయటపడినది. ఆ కరపత్రమును ఫ్యూచూరియనులు వ్రాయలేదు. వ్రాసి, అచ్చువేసి, తెచ్చి దాచినవాడు డేవిడ్ కైల్ అను యువకుడు. ఆ ఆఱుగురికి అది తెలియదని అతడే తరువాత వ్రాసినాడు. అతడు ఆ దినమున సభలోనే కూర్చుండియుండెను. అసిమోవ్ గూడ ఫ్యూచూరియనే; అతనిని ఎవ్వరును ఆపలేదు, అతడును లోనికి పోయినాడు. మిత్రులతోపాటు వెలుపల నిలువకపోతిననెడి బాధను అతడు ఆత్మకథలో దాచుకొనలేదు. ఈ సాక్ష్యములన్నియు చేర్చి చూచినచో, నిర్వాహకులు దోషులను గాక అనుమానితులను శిక్షించిరని తేలుచున్నది. 1954 నాటి గ్రంథమొక్కదానినే ఆధారముగా గొన్న వ్యాసములన్నియు ఈ దోషమును మోసికొని తిరుగుచున్నవి.

వార్నర్ పద్ధతి భిన్నమైనది. అతడు మేరీలండులోని హేగర్స్‌టౌనులో పత్రికా విలేఖరి. అభిమానుల సభలకు చాల అరుదుగా పోయినవాడు. ఇంట కూర్చుండి ఉత్తరములు వ్రాసి, వచ్చిన ప్రత్యుత్తరములను, తన యొద్ద పేరుకొన్న పత్రికలను సరిపోల్చి చరిత్రను కూర్చెను. మూడు గ్రంథములలో ఇదియే పరిశోధన గ్రంథమనదగినది. దూరము అతనికి లోపము కాలేదు, రక్షణ యయ్యెను. అయితే మాస్కొవిట్జ్ గ్రంథమును త్రోసివేయుటయు సరికాదు. తేదీలు, సంచికల సంఖ్యలు, సభ్యుల పేరులు అతడు భద్రపఱచినంతగా మఱెవ్వరును భద్రపఱచలేదు. అతని వర్ణనను విడిచి అతని పట్టికను గ్రహింపవలెను.

పక్షములు విభేదించినచోట సత్యమును వెదకుట సులభము. అందఱును ఏకమై మౌనము వహించిన చోటనే కష్టము. 1939 సభకు భవిష్యత్కాలపు వేషములతో వచ్చిన జంటలో ఫారెస్ట్ అకర్మన్ పేరు చరిత్రకెక్కినది. ఆ వేషములను కుట్టినది మోరోజో అను కలము పేరుతో ప్రసిద్ధురాలైన మర్టిల్ డగ్లస్. ఆమె లాస్ ఏంజెలెసులో వెలువడిన ఒక ముఖ్యమైన అభిమాని పత్రికకు సహసంపాదకురాలు గూడ. ఫ్యూచూరియనులలో నొకరైన జూడిత్ మెరిల్ వ్రాసిన ‘దట్ ఓన్లీ ఎ మదర్’ (1948) అణుయుగపు కథలలో మిక్కిలి తీవ్రమైనది. అయినను మగవారి కలహములు నిండిన యీ చరిత్రలలో స్త్రీలు భార్యలుగా, స్నేహితురాండ్రుగా కనబడినంతగా రచయిత్రులుగా కనబడరు. ఈ లోపమును పూరించినవి జస్టిన్ లార్బలెస్టియర్ (2002), హెలెన్ మెరిక్ (2009) గ్రంథములు. వారికి ఆధారమైనవి ఆత్మకథలు కావు. పాత పత్రికలలోని పాఠకుల లేఖలు. 1938, 1939 సంవత్సరములలో కథలలో స్త్రీ పాత్రలు ఎందుకని వాదించుచు ‘అస్టౌండింగ్’ పత్రికకు లేఖలు వ్రాసిన యువకులలో అసిమోవ్ ఒకడు. అతనికి ప్రత్యుత్తరమిచ్చిన మేరీ బైయర్స్ అను పాఠకురాలిని స్మరించినవారు ఈ పరిశోధకురాండ్రకు ముందు అరుదు.

ఈ సందర్భమున మన పరిశోధక విద్యార్థులకు ఒక మాట. మన గ్రంథాలయములలో పాత పత్రికలను బైండు చేయించునపుడు అట్టలను, ప్రకటనల పుటలను తీసివేయు వాడుక చాలచోట్ల కలదు; వానితోపాటు పాఠకుల ఉత్తరములు గూడ ఎన్నో పోయినవి. మిగిలినవానినైన ఎవ్వరును సూచికలలోని కెక్కింపరు. ఆంధ్రప్రభ, ఆంధ్రపత్రిక వారపత్రికలలో నవలలు ధారావాహికములుగా వచ్చుచున్న కాలమున ఆయా నవలలపై ఉత్తరములు వ్రాసినవారెవరు? వారిలో తరువాత కలము పట్టినవారెందఱు? తెలుగున నవలా రచయిత్రుల యుగమని 1960వ దశాబ్దిని గుఱించి వ్యాసములు చాల వచ్చినవి. రచయిత్రి అంతకుముందు పాఠకురాలిగా సంపాదకునకు ఏమి వ్రాసినదో చూచిన వ్యాసము నా కంట పడలేదు. సిద్ధాంత వ్యాసమునకు విషయము దొరకలేదను విద్యార్థి ఇందొకటి ఎన్నుకొనవచ్చును. అమెరికా ఉదాహరణ ఇచ్చట పనికివచ్చును గాని, అచ్చటి నిర్ణయములను ఇచ్చటికి తెచ్చి అతికింపరాదు. మన పత్రికలు చిరునామాలు అచ్చువేసినవో లేదో ముందు చూడవలెను.

అమెరికాలో ఈ సామగ్రి నేడు విశ్వవిద్యాలయముల యధీనమునకు వచ్చుచున్నది. కాలిఫోర్నియా విశ్వవిద్యాలయము యొక్క రివర్‌సైడ్ శాఖలోని ఈటన్ భాండాగారమున అభిమాని పత్రికలు విశేషముగా కలవు. ఐవా విశ్వవిద్యాలయమునకు 2012లో రస్టీ హెవెలిన్ అను అభిమాని జీవితకాలమున కూడబెట్టిన సేకరణ చేరినది. అందలి సుమారు పదివేల సంచికలను ఛాయారూపమున భద్రపఱచు కార్యమునకు అచ్చటివారు పూనుకొనిరి. పని త్వరగా జరుగవలసియున్నది. చవుక కాగితము పొడియగుచున్నది, హెక్టోగ్రాఫు సిరా వెలుతురు తగిలినకొలది వెలిసిపోవును. యంత్రము చదువలేని ఆ పుటలను అక్షరాక్షరము ఎత్తివ్రాయుటకు ఆ విశ్వవిద్యాలయము ఆహ్వానించినది ఆచార్యులను గాదు, అభిమాని పాఠకులనే.